మా ఇంట్లో మూడు మీటర్లు



చాలా రోజులుగా నానుంచి టపా లేదు, మీ టపాలకు వ్యాఖ్యా లేదు. ఒంట్లో బాగుండలేదేమోనని ఇద్దరు మిత్రులు ఫోను చేసి అడిగారు. వారికి కృతజ్ఞుణ్ణి. నేను బాగానే ఉన్నాను. చెడినది మా ఇంటి అంతర్జాలపు పెట్టె. దానిమీద ఒక ఎర్రదీపం వెలిగి ఆరిపోకుండా కూర్చున్నది. దీపం క్రింద ఎల్, ఓ, ఎస్ అని మూడు ఆంగ్లాక్షరాలు. 'లాస్' అని చదివి, నష్టమని అర్థం చెప్పుకున్నాను. ఆ మాటకు ఇంకొక ఎస్ ఉండవలసినదని పెట్టెను తయారుచేసినవాడి వర్ణక్రమాన్ని మనసులో దిద్దాను కూడా. సంకేతం అందలేదని చెప్పే మాటల మొదటి అక్షరాలట అవి. నలభై ఏళ్లనాటి దిద్దే అలవాటు ఎక్కడికి పోతుంది!

కనెక్షను ఇచ్చినవారికి ఫోను చేస్తే, తమవైపు అంతా సవ్యంగానే ఉన్నదన్నారు. మళ్ళీ చేస్తే, మనిషిని పంపుతామన్నారు. పదవరోజు సాయంత్రం మోటారుసైకిలుమీద ఒకతను వచ్చాడు. ముప్పైఅయిదేళ్లు దాటి ఉంటాయి. వాకిట్లో చెప్పులు విడిచి, సంచి క్రింద పెట్టి, వంగి నా కాళ్లకు దండం పెట్టాడు.

"సార్, గుర్తు పట్టిండ్రా?"

పట్టలేదు. పట్టినట్టు తల ఊపాను. అతడు నా అవస్థ గ్రహించి తానే చెప్పాడు. నా దగ్గర ఎనిమిది నుంచి పదిదాకా చదివాడు. 2004లో పదవతరగతి తెలుగులో తప్పాడు. తరువాత బడికి రాలేదు. ఖేడ్ చుట్టుప్రక్కల తండాలలో ఒకదానివాడు.

(మా ఊరిని మేము ఖేడ్ అనే అంటాము. సంస్కృతంలోని 'ఖేటము' మరాఠీలో ఖేడ్ అయింది. ఇక్కడ నాలుగడుగులు పడమటికి వేస్తే కన్నడం, ఇంకొంచెం వాయవ్యానికి పోతే మరాఠీ, బజారులో ఉర్దూ, తండాలలో గోర్ బోలి. వీటన్నిటి నడుమ నేను తెలుగు చెప్పాను. ఈ విషయం తరువాత అవసరపడుతుంది.)

అతడు పెట్టెను ముట్టుకోలేదు. ముందు గోడమీది చిన్న తెల్లడబ్బా మూత తీశాడు. వీధిలోని స్తంభంనుంచి వచ్చిన తీగ అక్కడ ఆగుతుంది. అక్కడినుంచి పసుపుపచ్చని సన్నని తీగ ఒకటి, మూడు మీటర్లు ఉంటుందేమో, నా బల్లమీది పెట్టెకు వస్తుంది. సంచిలోనుంచి అరచేతిలో పట్టే పరికరం తీసి, డబ్బాలోని తీగ కొసను దానిలో గుచ్చాడు. పవర్ మీటరట. తెరమీద మైనస్ 20.9 అని పడింది.

"గోడ దాంక మంచిగనే వస్తుంది సార్" అన్నాడు.

తరువాత ఆ కొసను యథాస్థానంలో పెట్టి, పసుపుతీగను పెట్టెవైపునుంచి ఊడదీసి మీటరులో గుచ్చాడు. మైనస్ 29.6.

"లొల్లి మీ ఇంట్లనే ఉంది."

ఈ మైనస్ లెక్క నాకు వింతగా తోచి అడిగాను. అతడు ఓపికగా చెప్పాడు. ఒక మిల్లీవాటు వెలుగును సున్న అనుకుంటారు. కాబట్టి ఇక్కడ సున్న అంటే శూన్యం కాదు. అక్కడినుంచి పది తగ్గిన ప్రతిసారీ వెలుగు పదవవంతు అవుతుంది. మైనస్ 20 అంటే నూరవవంతు, మైనస్ 30 అంటే వెయ్యవవంతు. మూడు తగ్గితే సగం. మా ఇంటి పెట్టెవంటివి మైనస్ 27 దాకా చూడగలుగుతాయి. అంతకన్న మసకబారితే వాటికి చీకటే. సంకేతం పంపే చోటనుంచి వచ్చే ఒక్క తీగను దారిలో ముప్పైరెండు ఇళ్లకు పంచుతారట. రెండుగా పంచితే మూడు పోతుంది. మళ్ళీ రెండుగా పంచితే ఇంకొక మూడు. అయిదుసార్లు పంచితే ముప్పైరెండు ఇళ్లు, పదిహేను పోయినట్లు. పంచే పరికరం తనవంతు మరికొంత తింటుంది. మొత్తంమీద పదిహేడు దాకా అక్కడే ఖర్చు. గుణకార భాగహారాలు కూడికలు తీసివేతలుగా మారిపోయే ఈ డెసిబెల్ లెక్క బహు సొగసైనది. నా చిన్ననాడు ఎవరైనా సంవర్గమానాలను ఇట్లా చెప్పి ఉంటే నేను లెక్కలకు భయపడి సాహిత్యంలో తలదాచుకునేవాణ్ణి కానేమో.

ఇంతకూ ఊరూ వాడా దాటి, ముప్పైరెండు ఇళ్లకు పంచుకొని వచ్చిన వెలుగు గోడదాకా చక్కగా వచ్చి, నా గదిలో మూడు మీటర్లు దాటలేకపోయిందన్నమాట.

అతడు కలంవంటి వస్తువును గోడడబ్బావైపునుంచి పసుపుతీగలోకి గుచ్చి, "లైట్ బంద్ చేయుండ్రి" అన్నాడు. మా ఆవిడ దీపం తీసింది. ఈ తీగలలో నడిచే అసలు వెలుగు మన కంటికి కనబడదు, అది పరారుణం. కనబడదు గదా అని కొసలోకి తొంగిచూడరాదు, కంటికి హాని. పరీక్షకోసం ఈ కలంలో మాత్రం కంటికి కనిపించే ఎర్రని వెలుగు పెట్టారు. చీకట్లో బల్ల వెనుక ఒక చోట తీగ నిప్పుకణికలాగా ఎర్రగా మెరిసింది. అక్కడ మేకు. ఆ మేకుకు తీగను మూడు చుట్లు బిగించి చుట్టినవాణ్ణి నేనే. చీపురుకు అడ్డుపడుతున్నదని మా ఆవిడ అంటే, పొందికగా ఉంటుందని చుట్టాను. గాజులోని వెలుగు, అంచుకు ఏటవాలుగా తగిలినంతసేపే లోపలికి మళ్ళి ముందుకు పోతుంది. వంపు మరీ బిగుసుకుంటే ఆ కోణం తప్పి బయటకు కారిపోతుంది. కారిపోవడం కన్నులారా చూశాను.

మేకునుంచి తీగ విప్పితే మైనస్ 26.1 అయింది. అతడు తృప్తిపడలేదు. గోడడబ్బాలోని కనెక్టరును టార్చి వేసి చూసి నవ్వాడు. "నీలం దాంట్ల పచ్చది వెట్టిండ్రు సార్."

వెనుక ఎవరో వచ్చి బిగించినప్పుడు జరిగిన పని. నీలం ముక్కు ఉన్న కనెక్టరులో గాజు కొస దాదాపు సమతలంగా ఉంటుంది. పచ్చముక్కుదానిలో ఎనిమిది డిగ్రీలు ఏటవాలుగా అరగదీసి ఉంటుంది. ఎందుకు వాలుగా అంటే, రెండు గాజుకొసలు కలిసే చోట కొంచెం వెలుగు వెనుకకు కొట్టుకొని పోతుంది. అది పంపినవాడి కంటిలోనే పడితే పంపేవాడు తడబడతాడు. వాలుగా ఉంటే ఆ వెనుకకు పోయే వెలుగు ప్రక్కనున్న ఒరలోకి జారి నశిస్తుంది. రెండూ మంచివే. నీలానికి నీలం, పచ్చకు పచ్చ. నీలంలో పచ్చ పెడితే, చిత్రమేమిటంటే, చక్కగా అమరుతుంది. 'టిక్కు'మని చప్పుడు కూడా చేస్తుంది. లోపల మాత్రం గాజూ గాజూ తాకవు. నడుమ గాలి మిగులుతుంది. వెలుగు నడిచే నడిమి భాగం తొమ్మిది మైక్రాన్లు. చుట్టూ ఉన్న గాజుతో కలిపితే 125. అంత చిన్న వాకిట్లో రవ్వంత గాలి, రవ్వంత దుమ్ము చాలు. అందుకే అతడు ప్రతి కొసనూ బిగించేముందు తుడుస్తాడు. కొత్తది, సంచిలోనుంచి అప్పుడే తీసినది, దానినీ తుడిచాడు.

రెండు కొసలా నీలం ఉన్న కొత్త తీగ పెట్టాడు. మైనస్ 21.3. ఎర్రదీపం ఆరి పచ్చదీపం వెలిగింది.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టక లెక్క వేశాను. నా మేకు, ఆ పచ్చముక్కు కలిసి తిన్నది 8.3 డెసిబెల్లు, అంటే వచ్చిన వెలుగులో ఏడవవంతు మాత్రమే పెట్టెకు చేరింది. దూరాలు పోయే తీగలో మంచి గాజు కిలోమీటరుకు 0.2 మాత్రమే తింటుంది. ఈ లెక్కన నలభై కిలోమీటర్ల గాజు తినే వెలుగును నా గది మూడు మీటర్లలో తినేసింది. ఇంటినుంచి నలభై కిలోమీటర్లంటే కర్ణాటక సరిహద్దు ఎప్పుడో దాటిపోతాము.

గాజు ఎప్పుడూ ఇంత మంచిది కాదు. 1966లో చార్లెస్ కావ్, జార్జి హాక్‌హమ్ అనే ఇద్దరు ఇంగ్లండులో ఒక పరిశోధనపత్రం వ్రాశారు. అప్పటి గాజు కిలోమీటరుకు వెయ్యి డెసిబెల్లు తినేది. అటువంటి గాజుతో వార్తలు పంపడం కల్ల అని అందరూ అనుకున్నారు. కావ్ చెప్పినదేమంటే, దోషం గాజుది కాదు, గాజులోని మలినాలది. ఇనుమువంటి లోహాల జాడలు తీసివేయగలిగితే నష్టం ఇరవైకి దించవచ్చు, అప్పుడు పని జరుగుతుంది అని. నాలుగేళ్లకు, 1970లో, అమెరికాలోని కార్నింగ్ వారు పదిహేడుకు దించి చూపారు. కావ్‌కు 2009లో నోబెల్ బహుమతి వచ్చింది. అంతకుముందే, 1954లో, మన పంజాబులోని మోగాలో పుట్టిన నరీందర్ సింగ్ కపానీ తన ఆచార్యుడు హాప్కిన్స్‌తో కలిసి గాజుపోగుల కట్టద్వారా బొమ్మను పంపి చూపాడు. వెలుగు సరళరేఖలోనే పోతుందని బడిలో పంతులు చెప్పగా, కాదని నిరూపించాలని చిన్ననాడే పట్టుపట్టానని కపానీ చెప్పుకునేవాడు. బడిపంతులుగా నాకు ఈ కథ ఎప్పుడూ కొంచెం గుచ్చుకుంటుంది.

వెళ్ళేటప్పుడు మా శిష్యుడు, రోడ్డు పనిలో జేసీబీ తగిలి తీగ తెగిందని, రేపు పొద్దున అక్కడ అతుకుతామని, చూడాలనిపిస్తే రమ్మని అన్నాడు. మరునాడు చద్దివేళకే పోయాను.

రోడ్డు ప్రక్కన గొయ్యి. గొడుగు క్రింద చిన్న బల్ల. బల్లమీద అతుకు మిషను. నల్లని తీగను చీల్చితే లోపల సన్నని గొట్టం, గొట్టంలో జిడ్డు, జిడ్డు తుడిస్తే పన్నెండు రంగుల పోగులు. తెగిన రెండువైపులా ఏ రంగుకు ఆ రంగే కలవాలి. అతడు పోగులను వేళ్లతో విడదీస్తూ సహాయకుడైన కుర్రవాడికోసం చదివాడు: "బ్లూ, ఆరెంజ్, గ్రీన్, బ్రౌన్, స్లేట్, వైట్, రెడ్, బ్లాక్, ఎల్లో, వయొలెట్, రోజ్, ఆక్వా." ఒక్క గుక్కలో, తడుముకోకుండా. వర్ణమంటే రంగూ, అక్షరమూ. ఆ వరుస అతడికి వర్ణమాల.

పోగుమీది రంగుపూత గీకి, స్పిరిటుతో తుడిచి, చిన్న కత్తెరపీటవంటి దానిలో పెట్టి కొసను నిటారుగా తెంచుతాడు. తెగిన ముక్కలను ఒక సీసాలో వేస్తాడు. చర్మంలో దిగితే కనబడవు, తీయడం కష్టం. రెండు కొసలను మిషనులో ఎదురెదురుగా పెట్టి మూత వేస్తే, తెరమీద రెండు దూలాలంత పెద్దవై ఒకదానివైపు ఒకటి జరుగుతాయి. ఒక్క విద్యుత్తు మెరుపు. రెండూ కరిగి ఒకటి. అతుకు ఎక్కడుందో తెరమీద కూడా పోల్చుకోలేము. నష్టం 0.02 అని మిషను అంచనా చెప్పింది. అతుకును కాపాడే గొట్టపుముక్కను ముందే తొడిగి ఉంచాలి. మరచిపోతే అతికినదాన్ని మళ్ళీ తెంచవలసిందే. సహాయకుడు ఒకసారి మరిచాడు. మా శిష్యుడు వాణ్ణి ఏమీ అనలేదు. తెంచి మళ్ళీ అతికాడు.

నాకు సంధిప్రకరణం గుర్తుకు వచ్చి ఉండబట్టలేకపోయాను. "ఇది సవర్ణదీర్ఘం వంటిదిరా. రెండు అచ్చులు కరిగి ఒకటయ్యాయి. నీ కనెక్టరేమో సంధి జరగని చోటు, ఎదురెదురుగా ఉంటాయిగాని కరగవు" అన్నాను. కొందరు కరిగించకుండా నడుమ జిగురువంటి ద్రవం పెట్టి కొసలను ఆనిస్తారని అతడు ముందే చెప్పి ఉన్నాడు. అది యడాగమమన్నాను, 'మా అమ్మ' 'మాయమ్మ' అయినట్లు, ఖాళీ లేకుండా నడుమ యకారం వచ్చి కూర్చున్నది.

అతడు పోగును తుడుస్తూనే అన్నాడు: "సంధి అంటే మీరు నన్ను బెంచి మీద నిలవెట్టింది యాదికుంది సార్."

నేను నవ్వాననే జ్ఞాపకం. అతడూ నవ్వాడు.

పోగులన్నీ అతికాక, ఓటీడీఆర్ అనే పెద్ద పెట్టెతో పరీక్షించారు. ఇది తీగ ఒక కొసలో కూర్చొనే మొత్తం దారిని చూస్తుంది. ఒక్క మెరుపును లోపలికి పంపి, దారిపొడుగునా గాజు కణాలమీద చెదరి వెనుకకు వచ్చే అత్యల్పమైన వెలుగును వింటుంది. గాజులో వెలుగు సెకనుకు రెండు లక్షల కిలోమీటర్లు పోతుంది గనుక, కిలోమీటరు పోయి రావడానికి సెకనులో లక్షవవంతు. ఆ కాలాన్ని కొలిచి దూరం కడుతుంది. తెరమీద వాలుగా దిగే గీత. అతుకు ఉన్నచోట చిన్న మెట్టు. కనెక్టరు ఉన్నచోట సూది. బిగువైన వంపైతే సూది లేని మెట్టు. తెగినచోట గీత పాతాళానికి. అయితే అది చెప్పేది తీగ పొడవు, దారి పొడవు కాదు. స్తంభాల దగ్గర, గుంటలలో ఎంత తీగ చుట్టి పెట్టారో తెలిసినవాడే గొయ్యి సరిగా తవ్వించగలడు. అది అతడికి తెలుసు. మొదట ఇవే కందకాలు తవ్వే కూలీగా చేరాడు, తరువాత తీగ దొర్లించాడు, తరువాత అతికేవాళ్ల ప్రక్కన నిలబడి చూసి నేర్చుకున్నాడు.

"దీనికి ఒక్క కొరత సార్. ఇరవై ముప్పై కిలోమీటర్ల అవతల ఏముందో చెప్తది. గని ముంగట్ల కొన్ని మీటర్లు దీనికి అగుపడదు. ఇడిసిన మెరుపు తళుకుకే దాని కండ్లు మూసుకపోతయి." అందుకని పెట్టెకూ తీగకూ నడుమ ఒక పొడవైన తీగచుట్ట వేరుగా తగిలిస్తారట.

పని ముగిశాక గొడుగు క్రిందనే చాయ్ త్రాగుతూ, ఎందుకు చదువు మానావురా అని అడిగాను. ఇంటి ఇబ్బందులు చెబుతాడనుకున్నాను.

"మా ఇంట్ల గోర్ మాట సార్. ఖేడ్ బజార్ల తెలుగు ఒకటి. మీ పుస్తకంల తెలుగు ఇంకోటి. మీరు చెప్పింది మొదలు బజార్ తెలుగులకు తిప్పుకోవాలె, ఆడికెల్లి మా మాటలకు తిప్పుకోవాలె. గంతల మీరు ఇంకో పద్యం కాడికి పోదురు." కొంచెం ఆగి, "మీరు కొట్టింది ఏం లేదు సార్. ఒకపారి నేను నిలవడి చదివితే మీరు నవ్విండ్రు. అందరు నవ్విండ్రు. అప్పటిసంది నేను చదువుమంటే లేవలే" అన్నాడు.

ఫిర్యాదులాగా అనలేదు. నిన్న మేకు సంగతి చెప్పిన గొంతుతోనే చెప్పాడు.

నాకు ఆ రోజు జ్ఞాపకం లేదు. ఎంత తవ్వినా లేదు. ఏ పద్యమో, ఏ మాటకు నవ్వానో తెలియదు. ఆ కుర్రవాడు 'అర్థమయిందా' అంటే 'అయింది సార్' అనేవాడని మాత్రం లీలగా గుర్తు. ఆ మాటతో తృప్తిపడి ముందుకు పోయినవాణ్ణి నేను. అటువంటివారు ప్రతి తరగతిలో ఎందరుండేవారో, ఇప్పుడు పేరు పేరునా తలచుకుందామంటే ముఖాలు కూడా రావడం లేదు. మందబుద్ధులని ఉపాధ్యాయుల గదిలో అనుకున్న మాటలు మాత్రం వస్తున్నాయి.

క్షమించమని అనబోతే అతడు కంగారుపడి లేచి నిలబడ్డాడు. ఆ మాట పూర్తి చేయనివ్వలేదు.

పల్లెలకు ఈ గాజుతీగ తీసుకుపోయే పని 2011లో కేంద్రం ఆమోదించినది. మరుసటి సంవత్సరం దేశంలో మూడు చోట్ల ప్రయోగంగా వేసి చూశారు. వాటిలో ఒకటి అప్పటి విశాఖపట్నం జిల్లాలోని పరవాడ. 2015లో దానికి భారత్‌నెట్ అని పేరు మార్చారు. మన రాష్ట్రంలో మిషన్ భగీరథ నీళ్లగొట్టాల కందకాలలోనే గాజుతీగల గొట్టాలనూ పరిచారు. 2024 డిసెంబరులో టీ-ఫైబరు పేర ప్రయోగంగా ఆరంభించిన గ్రామాలలో మా జిల్లాలోని సంగుపేట ఒకటి. కందకం ఊరిదాకా రావడం ఒక ఎత్తు, ఊరినుంచి ఇంటి గోడదాకా, గోడనుంచి బల్లదాకా రావడం ఇంకొక ఎత్తు. వాళ్ల తండాలో పిల్లలకు ఇంకా సెల్‌ఫోను సంకేతమే దిక్కని, తీగ వచ్చిననాడు ప్రతి ఇంట్లో తానే బిగిస్తానని మా శిష్యుడు అన్నాడు. అతడి కూతురు ఆరవతరగతి. తెలుగు వాచకం చదవడం కష్టంగా ఉన్నదట. ఆదివారాలు వస్తానన్నాను. పాఠంలోని మాటలకు వాళ్ల మాటలేమిటో ముందు ఆ పిల్ల నాకు చెప్పాలి, తరువాతే నేను పాఠం చెబుతాను అన్నాను. రెండు ఆదివారాలు అయ్యాయి. నాకు ముప్పైకి పైగా మాటలు వచ్చాయి. ఉచ్చారణకు పిల్ల కడుపుబ్బ నవ్వుతుంది. నేను మళ్ళీ అంటాను.

మేకు పీకేశాను. పసుపుతీగ ఇప్పుడు పెద్ద చుట్టగా గోడకు వదులుగా వేలాడుతున్నది; చీపురుకు అడ్డమే, మా ఆవిడ ఏమీ అనడం లేదు. వెళ్ళేముందు అతడు గోడడబ్బా మూతమీద తేదీ వేసి, మైనస్ 21.3 అని స్కెచ్‌పెన్నుతో వ్రాసిపెట్టాడు, రేపు ఎవరు వచ్చినా మొదట ఎంత ఉండెనో తెలియాలని. పెట్టె లోపలి పుట తెరిచి ఆ అంకె చూడడం కూడా నాకు నేర్పాడు. రోజూ ఉదయం చూస్తున్నాను. మొన్న 21.5 అని చూపింది. కంగారుపడి ఫోను చేశాను.

"గంత అటీటు అయితుంటది సార్. ఫికర్ చేయకుండ్రి" అన్నాడు.